ఎస్టిమేట్‌లో మిగతా సగం

2019 జనవరిలో పోలవరం స్పిల్‌వే దగ్గర 24 గంటల్లో 32 వేల క్యూబిక్ మీటర్లకు పైగా కాంక్రీట్ పోసి గిన్నిస్ రికార్డు కొట్టారు. మన సివిల్ బ్రాంచ్‌లో ఎవర్ని అడిగినా ఈ సంగతి చెప్పేస్తారు. 48 రేడియల్ గేట్లు, 50 లక్షల క్యూసెక్కుల వరదని తట్టుకునే డిజైన్, 45.72 మీటర్ల పూర్తి నీటిమట్టం... ఇవన్నీ మనకి నోటికొచ్చు.

అదే ప్రాజెక్టు గురించి ఇంకో లెక్క ఉంది. 2017-18 ధరల ప్రకారం మొత్తం ఖర్చు 55,548 కోట్లుగా తేల్చారు. అందులో సగానికి పైగా భూసేకరణకీ పునరావాసానికీ పోయేదే. అంటే కాంక్రీటు, స్టీలు, గేట్లు, మట్టి పని, కాలవలు అన్నీ కలిపినా ఎస్టిమేట్‌లో సగం రాదు. మిగతా సగం ఇళ్లు, పొలాలు, లక్షకు పైగా కుటుంబాలు. వాళ్లలో చాలామంది కోయలు, కొండరెడ్లు.

మొదటి సగం నేర్పడానికి మనకి నాలుగేళ్ల కోర్సు ఉంది. రెండో సగానికి ఏముంది? ఈవీఎస్ పుస్తకంలో 'రీసెటిల్‌మెంట్ అండ్ రిహాబిలిటేషన్' అని ఒక హెడ్డింగు. పరీక్షలో వస్తే రెండు మార్కులు. రాకపోతే అదీ లేదు.

ఆ రెండో సగాన్ని ఒక మనిషి దాదాపు యాభై ఏళ్లుగా కెమెరాతో రికార్డు చేస్తూ వస్తున్నాడు. ఆయన పేరు ఆనంద్ పట్వర్ధన్. ఆయన డాక్యుమెంటరీలు ఫిలిం స్టూడెంట్స్ కంటే ముందు ఇంజినీరింగ్ స్టూడెంట్స్ చూడాలి అన్నది నా అభిప్రాయం. ఎందుకో చెప్తాను. ఒప్పుకోకపోతే వచ్చే సంచికలో రాయండి, ఎడిటర్లు సంతోషిస్తారు.

ముందు మనిషి గురించి కాస్త. 1950లో బొంబాయిలో పుట్టాడు. 1974లో బిహార్‌లో జయప్రకాశ్ నారాయణ్ ఉద్యమం నడుస్తుంటే అక్కడికి వెళ్లి సినిమా తీశాడు. చేతిలో సరైన పరికరాలు లేవు. కొంత భాగం సూపర్ 8 మీద తీసి, దాన్ని తెర మీద వేసి, ఆ తెరని మళ్లీ 16 ఎంఎం కెమెరాతో షూట్ చేశాడు. మన భాషలో చెప్పాలంటే పక్కా జుగాడ్. అది పూర్తయ్యేసరికి 1975లో ఎమర్జెన్సీ వచ్చింది. ప్రింటుని ముక్కలు ముక్కలు చేసి, దేశం దాటించి, కెనడాలో మళ్లీ అతికించారు. 'క్రాంతి కీ తరంగే' అలా బతికి బట్టకట్టింది. అప్పటినుంచీ ఆయన పద్ధతి పెద్దగా మారలేదు. చిన్న టీము, చాలావరకు కెమెరా తనే, ఎడిటింగ్ తనే, వెనక ఏ స్టూడియో ఉండదు.

ఇక మన సబ్జెక్టుకి దగ్గరగా ఉన్న సినిమా 'హమారా షహర్', ఇంగ్లిష్‌లో 'బాంబే అవర్ సిటీ'. 1985లో వచ్చింది. బొంబాయిలో మురికివాడల కూల్చివేతల గురించి. ఒకవైపు మున్సిపాలిటీ వాళ్లు వచ్చి గుడిసెలు పీకేస్తుంటారు. ఇంకోవైపు అధికారులు, పోలీసులు, ఖరీదైన ఫ్లాట్లలో ఉండేవాళ్లు తీరిగ్గా కూర్చుని నగరం ఎలా ఉండాలో చెప్తుంటారు. మనకి అర్థమవ్వాల్సిన విషయం ఏంటంటే, కూలిపోతున్న గుడిసెల్లో ఉన్నవాళ్లలో ఆ నగరాన్ని కట్టే కూలీలు ఉన్నారు. కట్టేటప్పుడు సైట్ పక్కనే ఉండనిస్తారు. కట్టడం అయిపోయాక వాళ్లే 'ఆక్రమణ' అయిపోతారు.

ఇందులో మనవాళ్ల కథ కూడా ఉంది. బొంబాయిలో కామాఠిపుర అనే పేట ఉంది కదా, ఆ పేరు తెలంగాణ ప్రాంతం నుంచి కడుపు చేత పట్టుకుని వెళ్లి అక్కడ భవనాలు కట్టిన కామాఠీల వల్ల వచ్చింది. పాలమూరు లేబర్ అంటే దేశంలో ఏ డ్యామ్ దగ్గరైనా తెలుసు. నగరం పేరు మారుతుంది, మేస్త్రీ మారతాడు, రేకుల షెడ్డు మాత్రం అదే.

ఇప్పుడు మన ఎస్టిమేషన్ అండ్ కాస్టింగ్ నోట్సు తీయండి. రేట్ అనాలిసిస్‌లో కూలీ ఎక్కడున్నాడు? మేసన్ ఇన్ని రోజులు, మజ్దూర్ ఇన్ని రోజులు, భిస్తీ ఇంత. ఒక క్యూబిక్ మీటర్ పనికి 0.1 మేసన్ అని రాస్తాం. పదో వంతు మనిషి! అబ్‌స్ట్రాక్టు చివర్లో ఇంకోసారి కనిపిస్తాడు, లేబర్ సెస్ 1 శాతం అని. 1996లో వచ్చిన భవన నిర్మాణ కార్మికుల చట్టాల పుణ్యమా అని ఆ లైనైనా ఉంది. ఆ ఒక్క శాతం ఎందుకు వేస్తున్నామో, అది ఎవరి పేరు మీద జమవుతుందో, ఆ కూలీ దాన్ని అందుకోవాలంటే బోర్డులో రిజిస్టర్ అయి ఉండాలనీ, ఏటా ఊళ్లు మారే మనిషికి అదెంత కష్టమో మనం ఎప్పుడైనా మాట్లాడుకున్నామా? టోటల్ సరిపోతే మార్కులు పడతాయి. అక్కడితో అయిపోయింది.

'హమారా షహర్' చేసేది ఆ పదో వంతు మనిషిని పూర్తి మనిషిగా చూపించడం. వాళ్లకి పేరుంటుంది, కోపం ఉంటుంది, పాట ఉంటుంది. నాకు బాగా గుర్తుండిపోయింది ఒకావిడ. గుడిసె పోగొట్టుకున్న ఆవిడ నేరుగా కెమెరా వెనక ఉన్న మనిషినే నిలదీస్తుంది. మా ఫోటోలు తీసుకెళ్లి మీరు పేరు తెచ్చుకుంటారు, మాకేం ఒరుగుతుంది అని ఆవిడ మాటల సారాంశం. పట్వర్ధన్ ఆ ముక్క కట్ చేసేయొచ్చు. చెయ్యలేదు, సినిమాలోనే ఉంచాడు. ఆ ప్రశ్నకి సమాధానం మాటల్లో చెప్పలేదు. 1986లో అలా కూల్చేసిన ఒక బస్తీ వాళ్లకి ప్రత్యామ్నాయ స్థలం ఇవ్వాలని నిరాహార దీక్షలో కూర్చున్నాడు. నటి షబానా ఆజ్మీ కూడా ఆ దీక్షలో ఉన్నారు.

అదే 1985లో సుప్రీంకోర్టు ఓల్గా టెల్లిస్ కేసులో తీర్పు చెప్పింది. జీవనోపాధి హక్కు కూడా ఆర్టికల్ 21 కింద జీవించే హక్కులో భాగమే అంది. నోటీసు ఇచ్చి ఖాళీ చేయించొచ్చు అని కూడా అంది. ఈ రెండు వాక్యాల మధ్య ఎంత దూరం ఉందో తీర్పు చదివితే సగమే అర్థమవుతుంది. సినిమా చూస్తే మిగతా సగం తెలుస్తుంది.

తర్వాత 1996లో 'ఆక్యుపేషన్: మిల్ వర్కర్' తీశాడు. 22 నిమిషాలు, ఒక మెస్ బ్రేక్‌లో అయిపోతుంది. బొంబాయిలో నాలుగేళ్లుగా లాకౌట్‌లో ఉన్న ఒక బట్టల మిల్లుని కార్మికులే లోపలికి చొరబడి మళ్లీ తెరిచిన కథ. 1982లో దత్తా సామంత్ నాయకత్వంలో దాదాపు రెండున్నర లక్షల మంది మిల్లు కార్మికులు సమ్మెకి దిగారు. ఆ సమ్మె గెలవలేదు. మిల్లులు ఒక్కొక్కటీ మూతపడ్డాయి. తర్వాత తేలిందేంటంటే మిల్లులో నేసే బట్ట కంటే మిల్లు కింద ఉన్న నేల ఖరీదెక్కువ. లోయర్ పరేల్‌లో ఫీనిక్స్ మిల్లు ఉన్నచోట ఇప్పుడు మాల్ ఉంది. ఆ మిల్లుల్లో మన పద్మశాలీలు కూడా తరాలుగా పనిచేశారు. తెలంగాణలో 'బొగ్గుబాయి, బొంబాయి, దుబాయి' అని ఊరికే అనలేదు. బతుకుతెరువుకి ఆ మూడే దారులు. అందులో ఒక దారి ఎలా మూసుకుపోయిందో ఈ 22 నిమిషాల్లో కనిపిస్తుంది. నేల విలువ, ఎఫ్ఎస్ఐ అని మనం టౌన్ ప్లానింగ్‌లో చదివే మాటలకి ఇదీ ఒక అర్థం.

ఇక 'ఎ నర్మదా డైరీ'. 1995లో సిమంతిని ధురుతో కలిసి తీశాడు, గంట లోపే. సర్దార్ సరోవర్ డ్యామ్‌కి వ్యతిరేకంగా నర్మద లోయలో జరిగిన ఉద్యమంతో పాటు కొన్నేళ్లు తిరిగి తీసింది. డ్యామ్ గురించి మనకి తెలిసిన ప్రతి ఫోటో డౌన్‌స్ట్రీమ్ నుంచి తీసిందే గమనించారా? గేట్లు ఎత్తిన సీను, నురగ, కింద నిలబడి సెల్ఫీ. ఈ సినిమా కెమెరా అప్‌స్ట్రీమ్‌లో ఉంటుంది. నీళ్లు నెమ్మదిగా పైకొచ్చే వైపు. అక్కడి ఆదివాసీ ఊళ్ల పండగలు, పొలాలు, ఊరేగింపులు, పోలీసులు.

ఆ ఉద్యమం వల్ల జరిగిన ఒక విషయం ప్రతి ఇంజినీరుకీ తెలియాలి. ఆ డ్యామ్‌కి 1985లో ప్రపంచ బ్యాంకు 45 కోట్ల డాలర్ల అప్పు మంజూరు చేసింది. నిర్వాసితుల గోల పెరిగాక 1991లో బ్రాడ్‌ఫర్డ్ మోర్స్ అధ్యక్షతన స్వతంత్ర సమీక్ష వేసింది. 1992లో వచ్చిన ఆ రిపోర్టు, ఇప్పుడున్న పరిస్థితుల్లో నిర్వాసితులందరికీ సరైన పునరావాసం కల్పించడం సాధ్యం కాదని తేల్చింది. 1993 మార్చిలో మిగిలిన అప్పు రద్దయింది. అయినా డ్యామ్ ఆగలేదు. సుప్రీంకోర్టు 2000లో పని కొనసాగించమంది. ఎత్తు మెట్టు మెట్టుగా పెరుగుతూ 138.68 మీటర్లకి చేరింది. 2017లో జాతికి అంకితం చేశారు.

అప్పు రద్దవడానికి కారణం కాంక్రీట్ గ్రేడు తక్కువవడం కాదు. మనం నేర్చుకోని ఆ రెండో సగం సరిగ్గా చెయ్యకపోవడం.

ఇక్కడ ఒక మాట రావాలి, వస్తుంది. "అయితే డ్యామ్‌లు కట్టొద్దా? కచ్‌కి, సౌరాష్ట్రకి నర్మద నీళ్లు వెళ్లాయి కదా?" వెళ్లాయి. నేను గోదావరి డెల్టా వాణ్ని. మా నాన్నది కాలవ కింద రెండెకరాలు. 19వ శతాబ్దంలో కాటన్ ధవళేశ్వరం దగ్గర ఆనకట్ట కట్టకపోతే నేనీ కాలేజీలో ఉండేవాణ్నే కాదేమో. మా వైపు ఊళ్లలో ఆయనకి విగ్రహాలున్నాయి, దండలు పడతాయి. పోలవరం పూర్తయితే లాభం పొందేవాళ్లలో మేమూ ఉంటాం. అందుకే నాకీ సినిమా కావాలి. లాభం నా గుమ్మంలోకి వస్తున్నప్పుడు బిల్లు ఎవరి గుమ్మంలోకి వెళ్తోందో నాకు తెలియాలి. 2022 జులైలో భద్రాచలం దగ్గర గోదావరి 71 అడుగులు దాటినప్పుడు చింతూరు, కూనవరం వైపు ఊళ్లు మునిగితే, మా ఊళ్లో ఎక్కువమంది వాటిని మ్యాప్‌లో వెతుక్కున్నారు. 2014లో ఖమ్మం జిల్లా నుంచి మన రాష్ట్రంలోకి వచ్చిన ముంపు మండలాలవి. మనకోసం మునగాల్సిన ఊళ్ల పేర్లు కూడా మనకి తెలియవు!

రెండో అభ్యంతరం: ఆయన సినిమాలు ఏకపక్షం. నిజమే, పట్వర్ధన్ ఎవరి పక్కన నిలబడ్డాడో దాచుకోడు. 'నర్మదా డైరీ'లో సాగునీటి లెక్కలు, విద్యుత్ లెక్కలు నాకు సరిపోయినంత లేవు. ఒక ఇంజినీరింగ్ స్టూడెంట్‌గా "ఎత్తు ఇంత తగ్గిస్తే ముంపు ఎంత తగ్గుతుంది, ఆయకట్టు ఎంత తగ్గుతుంది" అన్న చర్చ ఇంకా కావాలనిపించింది. ఆ లెక్క వెయ్యాల్సింది ఎవరు? మనమే. సినిమా ప్రశ్న వేసింది. జవాబుకి కావాల్సిన హైడ్రాలజీ మన దగ్గర ఉంది. పైగా మనం చూసే డ్యామ్ ప్రమోషన్ వీడియోలు ఏకపక్షం కావా? డ్రోన్ షాట్లు, వెనక మ్యూజిక్. వాటిని మనం 'ఏకపక్షం' అనం, 'అఫీషియల్' అంటాం. తన పక్షం ఏదో ముఖం మీదే చెప్పేవాడితో వాదించడం తేలిక. అసలు పక్షమే లేనట్టు మాట్లాడేవాడితోనే కష్టం.

ఇక్కడే 'ఇండిపెండెంట్' అన్న మాట గురించి చెప్పాలి. ఇప్పుడు ఫోన్ ఉన్న ప్రతివాడూ ఇండిపెండెంట్ క్రియేటరే. కానీ స్పాన్సరుకి నచ్చాలి, అల్గారిథమ్‌కి నచ్చాలి, మూడు సెకన్లలో హుక్ ఉండాలి. పట్వర్ధన్ స్వతంత్రం వేరే రకం. మొదటిది డబ్బు దగ్గర. ఏ కంపెనీకీ సంజాయిషీ చెప్పుకోనక్కర్లేదు. రెండోది టైం దగ్గర. 'హమారా షహర్'లో పాట పాడిన విలాస్ ఘోగ్రే అనే దళిత కవి గాయకుడు 1997లో రమాబాయి నగర్‌లో పోలీసు కాల్పుల్లో పది మంది చనిపోయాక ఆత్మహత్య చేసుకున్నాడు. ఆ చావు దగ్గర మొదలుపెట్టి పట్వర్ధన్ 14 ఏళ్లు షూట్ చేశాడు. 'జై భీమ్ కామ్రేడ్' 2011లో వచ్చింది. మనం నాలుగేళ్ల డిగ్రీకే అలిసిపోతున్నాం.

మూడోది కోర్టుల దగ్గర. 'హమారా షహర్'కి జాతీయ అవార్డు వచ్చింది, కానీ దూరదర్శన్‌లో వెయ్యడానికి నాలుగేళ్లు కేసు నడపాల్సి వచ్చింది. 'ఫాదర్, సన్ అండ్ హోలీ వార్' కోసం పదేళ్లు. 2006లో సుప్రీంకోర్టు ఒక్క కట్ లేకుండా వెయ్యమంది. అణ్వస్త్రాల మీద తీసిన 'వార్ అండ్ పీస్'కి సెన్సార్ వాళ్లు 21 కట్లు అడిగితే, బొంబాయి హైకోర్టుకెళ్లి ఒక్కటీ లేకుండా గెలిచాడు. ఆయన కోర్టుకెళ్లింది రాజ్యాంగం ఇచ్చిన హక్కుని రాజ్యాంగం చెప్పిన దారిలోనే అడగడానికి. ప్రతిసారీ గెలిచినా ప్రతిసారీ మళ్లీ మొదట్నుంచీ వెళ్లాల్సి రావడం మాత్రం ఆలోచించాల్సిన విషయం. 'రామ్ కే నామ్'కి యూ సర్టిఫికెట్ ఉంది, జాతీయ అవార్డు ఉంది, కోర్టు చెప్పాక దూరదర్శన్‌లోనూ వచ్చింది. అయినా 2024 జనవరిలో హైదరాబాద్‌లో ఒక కెఫేలో వేస్తుంటే మధ్యలో ఆపించి, వేసినవాళ్లని అరెస్టు చేశారు.

అందుకే "మనకెందుకొచ్చిన గొడవ" అని కొందరు అంటారని తెలుసు. క్యాంపస్ ఇంటర్వ్యూల ముందు ఎవరికి కావాలి ఇవన్నీ అని. నేను అడుగుతున్నది చాలా చిన్నది. మన క్లబ్ సెమిస్టర్‌కి ఒక సినిమా నైట్ పెడుతుంది కదా. వచ్చేసారి ఒక హిట్ సినిమా బదులు 'ఆక్యుపేషన్: మిల్ వర్కర్', 'ఎ నర్మదా డైరీ' రెండూ కలిపి వేద్దాం. రెండూ కలిపినా మన మామూలు తెలుగు సినిమాలో ఇంటర్వెల్ దాటి కాసేపటికే అయిపోతాయి. తర్వాత ఒక గంట చర్చ. సివిల్ ఫ్యాకల్టీలో ఒకర్ని పిలుద్దాం. సినిమాని పూర్తిగా తప్పుపట్టేవాళ్లని ముందు మాట్లాడనిద్దాం.

రెండో ప్రతిపాదన ఫైనలియర్ వాళ్లకి. ప్రాజెక్టులో ఎస్టిమేట్ వేసేటప్పుడు లంప్‌సమ్ అని 'ఎల్.ఎస్.' పెట్టి వదిలేసే ఐటమ్‌లు ఉంటాయి కదా. వాటిలో మనుషులకి సంబంధించింది ఒక్కటైనా తీసి, విడగొట్టి రాయండి. రోడ్డు వెడల్పు చేస్తే ఎన్ని కొట్లు పోతాయి, అద్దెకున్నవాడికి ఏమొస్తుంది, తోపుడు బండివాడికి ఏమొస్తుంది, పనిచేసే కూలీలు ఎక్కడ పడుకుంటారు, వాళ్ల పిల్లలు ఏ బడికి వెళ్తారు. 2013 భూసేకరణ చట్టం సామాజిక ప్రభావ అంచనా చెయ్యమని ఎలాగూ చెప్తోంది. మనం కొత్తగా కనిపెట్టేదేం లేదు, ఉన్నదాన్ని నేర్చుకోవడమే.

ఇంకో నాలుగైదేళ్లలో మనలో కొంతమంది ఏఈలవుతారు. కొంతమంది కాంట్రాక్టు కంపెనీల్లో సైట్ ఇంజినీర్లవుతారు. కొంతమంది ఎక్కడో ఏసీ రూములో కూర్చుని ముంపు కాంటూరు గీసే సాఫ్ట్‌వేర్ రాస్తారు. ఆ గీత ఒక మీటరు పైకి జరిగితే స్క్రీన్ మీద నీలం రంగు కొంచెం పెరుగుతుంది, అంతే. ఆ నీలం కింద ఒక ఊరుంటుందనీ, ఆ ఊళ్లో ఒకావిడ మనల్ని కూడా "మాకేం ఒరుగుతుంది" అని నిలదీయొచ్చనీ తెలిసి గీయడం వేరు, తెలియక గీయడం వేరు. ఆవిడకి జవాబు చెప్పగలిగేలా ఉండాలి మన ఎస్టిమేట్.